పగబట్టి తాగిన నీళ్ళు

ఓర్చినమ్మకు తేటనీరు అన్నవాడెవడో గాని, బావి దగ్గర బిందె పట్టుకుని ఒక్కనాడూ నిలబడి ఉండడు. నిలబడ్డవాళ్ళకు తెలుసు, ఓర్చుకునేకొద్దీ వరస వెనక్కి పోతుంది, చొరవున్నవాళ్ళు తోడుకుపోతారు, చివరికి మిగిలేది బురద. ఓర్పును ఆడవాళ్ళకు నగలా తొడిగి మురిసిపోయేవాళ్ళు ఏ రక్తమూత్ర పరీక్షల కేంద్రానికో వెళ్ళి, చిన్న సీసాను గుప్పిట్లో దాచుకుని తలదించుకు కూర్చున్న ఆడవాళ్ళను ఒకసారి చూసి రావాలి. ఓర్పు ఎక్కడ పేరుకుంటుందో అక్కడ తెలుస్తుంది. మూత్రాశయంలో. ఇంకా ఓర్చుకుంటే అక్కణ్నుంచి పైకి, మూత్రపిండాల్లోకి.

మైకమ్మ చాలా ఏళ్ళు ఓర్చుకుంది. ఆ తర్వాత పగబట్టింది. ఆమెను బతికించింది రెండోదే.

బస్‌స్టేషన్‌లో ప్రకటనలు చేయడం ఆమె ఉద్యోగం. ముఖం ఊళ్ళో చాలామందికి తెలియదు, గొంతు తెలియనివాళ్ళు లేరు. "పాతవంతెన మీదుగా రేవుకు వెళ్ళు బస్సు రెండవ ప్లాట్‌ఫారం నుండి బయలుదేరుటకు సిద్ధముగా ఉన్నది" అని ఆ గొంతు పలికితే, రేవుకు వెళ్ళనివాళ్ళు కూడా ఒకసారి సంచులు తడుముకుంటారు. మార్కెట్లో ఆమె "ఉల్లిపాయలెంత?" అని అడిగితే, తిరిగి చూడకుండానే కొట్టువాడు చెప్పులేసుకుని లేచి నిలబడ్డాడని మొగుడు కథలు చెబుతాడు. మొగుడు వెల్డరు. రెండు ముక్కలిస్తే అతికించకుండా ఊరుకోడు, కథలైనా అంతే.

ప్రకటనల గది చాలా చిన్నది. ప్లాట్‌ఫారాల వైపు అద్దం, దాని ముందు బల్ల, బల్ల మీద రంగు వెలిసిన స్పాంజి తొడుగుతో మైకు, తలమీద గొంతు లేకుండా తిరిగే ఫ్యాను. చప్పుడు చేసే ఫ్యాను అక్కడ పనికిరాదు. గదిని ఆనుకుని ఆడ సిబ్బంది కోసం ఒక మరుగుదొడ్డి. దాని అవతలి గోడ వెనక స్టేషన్ మేనేజరు గది.

ఆ కుర్చీలో ఆమెకు ముందు కూర్చున్నావిడను అందరూ పెద్దక్క అనేవారు. పని అప్పగించి వెళ్ళేటప్పుడు పెద్దక్క మైకమ్మకు వృత్తిరహస్యం ఒకటి చెప్పింది.

"మైకు ముందు కూర్చునేవాళ్ళకి నీళ్ళు పడవే పిల్లా. గొంతు తడిస్తే మాట జారిపోద్ది. ఒక లవంగం బుగ్గన పెట్టుకో, పొద్దు గడిచిపోద్ది."

మైకమ్మ ఆ మాటను గురుమంత్రంలా పట్టుకుంది. ఇంటి దగ్గర పొద్దున్నే ఒక కప్పు టీ, మధ్యాహ్నం అన్నం తిన్నాక గొంతు దిగడానికి రెండు గుక్కలు, సాయంత్రం మళ్ళీ టీ. మధ్యలో లవంగం. పక్కనే తలుపు ఉండేది కాబట్టి, ఆ కాస్తా ఎప్పటికప్పుడు దిగిపోయేది. బండి ఎలాగో నడిచింది.

అప్పుడు కొత్త మేనేజరు వచ్చాడు. మెత్తటి మనిషి. అటెండరునైనా 'మీరు' అనేవాడు. తన గది బయట నల్లబోర్డు మీద రోజుకో మంచిమాట రాయించేవాడు. 'సహనమే సంపద.' 'మౌనం మాటకన్నా మిన్న.' సిబ్బంది ఆయనకు సూక్తుల సారు అని పేరు పెట్టారు. అరిచే అధికారితో ఎలాగో వేగొచ్చు, తిరిగి అరవకపోయినా కనీసం ఇంటికెళ్ళి తిట్టుకోవచ్చు. మెత్తగా మాట్లాడుతూ గోడ పగలగొట్టేవాణ్ని ఏమని తిడతాం?

గోడే పగలగొట్టాడు. మైకమ్మ రెండ్రోజుల సెలవు తర్వాత పనిలోకి వచ్చేసరికి, మరుగుదొడ్డి తలుపు ఉండాల్సిన చోట తడి ఆరని సున్నం ఉంది. తలుపు అవతలివైపుకు మారింది, సారు గదిలోకి. టికెట్ కౌంటరులో పనిచేసే ఆవిడ ఒకతె ఉంది, పెద్దా చిన్నా అందరికీ వదినే. మైకమ్మ ఆ వదినను వెంటబెట్టుకుని అడగడానికి వెళ్ళింది.

సారు కుర్చీలు చూపించాడు. మంచినీళ్ళు కూడా తెప్పించాడు.

"నాకు షుగరమ్మా," అన్నాడు. "మాటిమాటికీ వెళ్ళాల్సొస్తుంది. ఈ వయసులో ఆవరణంతా దాటి పోలేను. మీరంటే ఆడవాళ్ళు, ఓర్చుకోగలరు. ఆ శక్తి దేవుడు మీకే ఇచ్చాడు."

వదిన బయటికొచ్చాక అంది: "దేవుడు ఆయనకి రెండు చేతులిచ్చాడుగా, తాపీ పట్టుకుని ఇంకోటి కట్టుకోమను."

కానీ ఆ మాట బయటికొచ్చాకే అంది. అదీ తంటా. ఓర్చుకునేవాళ్ళందరికీ చురుకైన మాటలు గుమ్మం దాటాకే వస్తాయి.

ఇక మిగిలింది ప్రయాణికుల మరుగుదొడ్డి. వెనక్కి వచ్చే బస్సుల మధ్య నుంచి ఆవరణ దాటాలి. అక్కడ ఎప్పుడూ వరస. లోపల గడియ ఉంటే నీళ్ళుండవు, నీళ్ళుంటే గడియ ఉండదు. మైకు వదిలి అంత దూరం వెళ్ళి రావడమంటే ఒక బస్సు చెప్పాపెట్టకుండా వెళ్ళిపోయినట్టే. కాబట్టి మైకమ్మ ఆ రెండు గుక్కలు కూడా మానేసింది. లవంగాలు పెరిగాయి.

మొదట మంట మొదలైంది. ఆ తర్వాత వెళ్ళిన నిమిషానికే మళ్ళీ వెళ్ళాలనిపించడం, వెళితే నాలుగు చుక్కలు, ఆ నాలుగూ నిప్పులు.

"వేడి చేసిందే నీకు," అంది వదిన. "చలవకేమన్నా తాగు."

"తాగితే వెళ్ళాలి కదొదినా."

"అదీ నిజమే."

ఈ 'వేడి' అన్న మాట మన ఆడవాళ్ళ ఆరోగ్యానికి చేసిన చెరుపు ఇంతా అంతా కాదు. కంటికి కురుపు లేస్తే వేడి, నోరు పూస్తే వేడి, మూత్రంలో చీము పోతున్నా వేడే. పేరు పెట్టేశాం కాబట్టి జబ్బు తెలిసిపోయిందనుకుంటాం. మైకమ్మ మందుల షాపులో అడిగి బిళ్ళలు తెచ్చుకుంది. మంట తగ్గగానే మిగతావి డబ్బాలో పడేసింది. కొన్నాళ్ళకు మంట తిరిగొచ్చింది. డబ్బాలో మిగిలిన బిళ్ళలు మింగింది. ఈసారి అవి పనిచేయలేదు.

ఆ రోజుల్లోనే ఒకనాడు ఇక ఆగలేక ఆవరణ దాటి పరుగెత్తింది. తిరిగి వచ్చేసరికి రేవు బస్సు వెళ్ళిపోయింది. పెట్టెలు ముందేసుకుని ఒక కుటుంబం మేనేజరు గది ముందు గొడవ పడుతోంది. సారు వాళ్ళకు చేతులు జోడించాడు. సాయంత్రం సిబ్బందినందరినీ పిలిచి మైకమ్మను ముందు వరసలో నిలబెట్టాడు.

"ప్రయాణికుల దగ్గర మనకు దాపరికం ఉండకూడదు," అన్నాడు ఎప్పటి మెత్తదనంతోనే. "ఇకనుంచి మైకు ఒక్క క్షణం వదలాల్సొచ్చినా, ఎందుకు వదులుతున్నారో మైకులో చెప్పి మరీ వదలాలి. ఇది నా ఆజ్ఞ అనుకోండి, అభ్యర్థన అనుకోండి."

డ్రైవర్లు కిసుక్కుమన్నారు. సారు కూడా పెదవి చివర నవ్వాడు. ఆయన లెక్క సులువైనదే. ఏ ఆడది మైకులో చెప్పి వెళుతుంది? సిగ్గే కుర్చీకి కట్టేస్తుంది, వేరే తాడెందుకు?

లెక్క సరిగానే పనిచేసింది. మైకమ్మ కుర్చీ కదల్లేదు. కదలకుండా కూర్చుని కూర్చుని, ఒక మధ్యాహ్నం, "మిల్లు మీదుగా... మీదుగా... మీదుగా..." అంటూ అక్కడే ఆగిపోయింది. మిషను చెడిపోయిందనుకున్నారు ప్రయాణికులు. అద్దంలోంచి చూసిన వదిన పరుగెత్తుకొచ్చేసరికి ఆమె పళ్ళు టకటకమంటున్నాయి, ఒళ్ళు కాలిపోతోంది, నడుం పక్కన చెయ్యి వేయనివ్వడం లేదు.

ఆస్పత్రిలో డాక్టరమ్మ జాలిపడే రకం కాదు. ఆమె దగ్గరికి వెళ్ళినవాళ్ళు బాగుపడటానికి అదొక కారణం.

"రోజుకి నీళ్ళెన్ని తాగుతావు?"

"బిళ్ళ మింగడానికి తాగుతానండి."

"బిళ్ళ లేని రోజున?"

మైకమ్మ మొగుడివైపు చూసింది. అతను అందుకుని, మైకు పనికి నీళ్ళు పడవనీ, గొంతు జారుతుందనీ చెప్పాడు. డాక్టరమ్మ రాస్తున్న పెన్ను ఆపింది.

"గొంతుకి నీళ్ళు పడకపోవడమేంటయ్యా! తడి లేకపోతేనే గొంతు పాడయ్యేది. ఎవరు చెప్పారో గాని వాళ్ళని నా దగ్గరికి తీసుకురా." తర్వాత మైకమ్మ వైపు తిరిగింది. "విను. ఈ పురుగులు ఎప్పుడూ గుమ్మంలోనే కాచుకుని ఉంటాయి. మన ఆడవాళ్ళకి లోపలికి దారి పొట్టి. నువ్వు వెళ్ళినప్పుడల్లా కొట్టుకుపోతాయి. పొద్దుటినుంచి సాయంత్రం దాకా బిగబట్టుకు కూర్చున్నావనుకో, లోపల కాపురం పెట్టి పిల్లల్ని కంటాయి. నీకు అవి మెట్లెక్కి కిడ్నీ దాకా వెళ్ళాయి. ఇంకోసారి ఇంత జ్వరం తెచ్చుకుంటే కిడ్నీ మీద మచ్చ పడొచ్చు. మచ్చ పడ్డ కిడ్నీకి మాసికలు వెయ్యడం నాకు రాదు."

"బార్లీ నీళ్ళు పట్టమంటారా?" అన్నాడు మొగుడు.

"పట్టు. అందులో పనిచేసేది నీళ్ళే. బార్లీ లేకపోయినా పట్టు. నీళ్ళలాంటి రంగులో వచ్చేదాకా తాగాలి. ముదురు పసుపు కనిపించిందా, తాగింది చాలలేదని అర్థం. టీలు తగ్గించు. కూరలూ పళ్ళూ తిను, విరేచనం బిగిసినా ఇది వదలదు. కడుక్కునేటప్పుడు ముందునుంచి వెనక్కి, ఎప్పుడూ వెనకనుంచి ముందుకి కాదు. వాసనసబ్బులూ లోషన్లూ అక్కడ వాడొద్దు. లోపల వేసుకునేవి నూలువి వేసుకో. ఈ మందు మంట తగ్గినా సరే, చివరి బిళ్ళ దాకా మింగాలి. ఇంకో మాట, మీ ఇద్దరూ కలిసిన తర్వాత బద్ధకించకుండా లేచి వెళ్ళిరా."

మొగుడు తల పైకెత్తి ఫ్యాను రెక్కలను శ్రద్ధగా పరిశీలించాడు.

ఇవన్నీ మంచి మాటలే. ఏ గోడ మీద రాసినా శోభిస్తాయి. కానీ తాగిన నీళ్ళు ఎక్కడ వదలాలో చెప్పకుండా నీళ్ళు తాగమనడం, గుమ్మం లేని ఇంట్లోకి రమ్మని పిలవడం లాంటిది. మైకమ్మ మంచం మీద పడుకుని అదే ఆలోచిస్తుండగా పెద్దక్క చూడటానికి వచ్చింది. చేతికర్ర, పళ్ళ సంచీ, ఎప్పటి గొంతే.

"అబద్ధం ఎందుకు చెప్పావక్కా నాకు?" అంది మైకమ్మ. పలకరింపు కూడా లేదు.

"ఏ అబద్ధమే?"

"నీళ్ళు తాగితే గొంతు జారుతుందని."

పెద్దక్క కాసేపు నీళ్ళు నమిలింది. "నేను చేరినప్పుడు అక్కడ దొడ్డే లేదే. నాకు ముందున్నావిడ నాకు అదే చెప్పింది. వెళ్ళడానికి చోటు లేదని చెప్పుకోలేక గొంతు మీద పెట్టేసినట్టుంది. నేనూ పడ్డాను ఆ మంటలు. తర్వాత కాళ్ళరిగేలా తిరిగి, పెద్దాఫీసు మెట్ల మీద కూర్చుని ఆ గది కట్టించా. కట్టించాక చక్కగా తాగేదాన్ని. నీకు పాత మాటే అప్పజెప్పేశా, ఆ సంగతి చెప్పడం మర్చిపోయా."

"మర్చిపోయావా!"

"లవంగం నోట్లో ఉంటే మంచి మాట వస్తుంది గదా అని ఊరుకున్నాలే. ఇంతకీ ఆ గదుండగా నీకు ఈ జబ్బేంటి?"

మైకమ్మ చెప్పింది. గోడ, సున్నం, షుగరు, దేవుడిచ్చిన శక్తి, మీటింగు. వింటూ వింటూ పెద్దక్క చేతికర్రను నేలకేసి కొట్టింది. నర్సు తొంగి చూసి వెళ్ళింది.

"నేను మెట్ల మీద కూర్చుని కట్టించిన గదిని, నువ్వు కుర్చీలో కూర్చుని వాడికి ధారపోశావా? ఓర్చుకున్నానంటావేంటే సిగ్గులేకుండా! చేతిలో మైకుంది. ఊరంతా వినేది నీ మాటే. మైకు పెట్టుకుని మూగనోము పట్టినదాన్ని నిన్నే చూశా."

పెద్దక్క వెళ్ళిపోయింది. మైకమ్మ గోడవైపు తిరిగి పడుకుంది. చూసిన నర్సు ఏడుస్తోందనుకుంది. ఏడవడం లేదు, పెదవులు కదుపుతోంది. ఒక ప్రకటనకు మాటలు కూర్చుకుంటోంది. ఎక్కడ ఆగాలి, ఏ మాట నొక్కాలి, ఎక్కడ ఊపిరి తీసుకోవాలి అన్నీ సరిచూసుకుంది. ఆ పనిలో జ్వరం ఎప్పుడు దిగిందో తెలియలేదు.

చివరి బిళ్ళ కూడా మింగాకే డ్యూటీలో చేరింది. బల్ల మీద మైకు పక్కన పెద్ద నీళ్ళసీసా పెట్టింది. మొదటి గుక్క సూక్తుల సారు పేరు మీద తాగింది. అలా అని వదినతో చెప్పింది కూడా. రెండోది మీటింగులో కిసుక్కుమన్న డ్రైవర్ల పేరు మీద. అలా ఒక్కొక్కరి పేరూ తలుచుకుంటూ గుక్కలు మింగుతుంటే సీసా ఎప్పుడు ఖాళీ అయిందో తెలియలేదు. ఆరోగ్యం కోసం నీళ్ళు తాగమంటే రెండ్రోజుల్లో మర్చిపోయే మనిషి, పగ కోసం తాగమంటే పొద్దున్నే లేచి తాగుతుంది. ఈ కిటుకు వైద్యులు ఇంకా కనిపెట్టలేదు.

పదకొండు కాకముందే అవసరమైంది. మైకమ్మ స్విచ్ నొక్కింది.

"ప్రయాణికులకు విజ్ఞప్తి. ప్రకటనలు చేయు ఉద్యోగిని మూత్రవిసర్జన నిమిత్తము ఆవరణకు అవతలనున్న మరుగుదొడ్డికి వెళ్ళుచున్నది. ప్రకటనల గది పక్కనున్న మరుగుదొడ్డి స్టేషన్ మేనేజరు గారి సొంత వినియోగములో ఉన్నందున, ఆమె తిరిగి వచ్చువరకు ప్రకటనలు ఉండవు. ఈ అసౌకర్యమునకు చింతిస్తున్నాము."

అలవాటు ప్రకారం రెండోసారి కూడా చదివింది. రేవు బస్సుకు ఏ గొంతో దీనికీ అదే గొంతు. తొణకలేదు, బెణకలేదు.

ఎవరో కండక్టరు ఈల వేశాడు. మైకమ్మ సీసా మూత బిగించి, చెంగు సర్దుకుని, అందరూ చూస్తుండగా ఆవరణ మధ్యలోంచి నింపాదిగా నడిచి వెళ్ళింది. ఎన్నో ఏళ్ళుగా వింటున్న గొంతుకు ముఖం ఆ రోజే చూశారు చాలామంది.

తిరిగి వచ్చేసరికి పిలుపు వచ్చింది. సారు ముఖం కందిపోయి ఉంది, గొంతు మాత్రం మెత్తగానే ఉంది.

"ఏంటమ్మా ఇది? పరువు తీశారు."

"ఎవరి పరువు సార్? వెళ్ళింది నేను."

"ఆడవాళ్ళు... మైకులో... ఆ మాట..."

"మీరే కదా సార్ చెప్పారు, దాపరికం ఉండకూడదని."

"కారణం చెప్పమంటే ఇదా? 'అనివార్య కారణాల వల్ల' అంటే సరిపోదూ?"

"అబద్ధమవుతుంది కదా సార్. తలుపు అటునుంచి ఇటు మారిస్తే నివారించొచ్చు కదా."

"ఓర్పుండాలమ్మా మనిషికి."

"ఉండేది సార్. ఆస్పత్రిలో చీముతో పాటు పోయింది."

ఆ మధ్యాహ్నం మళ్ళీ ప్రకటన. సాయంత్రం మళ్ళీ. మర్నాడు మళ్ళీ. సారు ఏం చేయగలడు? అందరిముందు తను పెట్టిన నియమమే. వెనక్కి తీసుకుంటే, ఎందుకు తీసుకున్నాడో కూడా మైకులో చెబుతుందేమోనని భయం. మైకమ్మకు ఆ భయం అద్దంలోంచి కనిపించేది. చూస్తూ ఇంకో గుక్క తాగేది.

"వాడికి మూడు చెరువుల నీళ్ళు తాగిస్తానన్నావు, నువ్వే తాగుతున్నావేంటే," అనేది వదిన. తను కూడా కౌంటరులో సీసా పెట్టుకోవడం మొదలుపెట్టింది.

ఇక్కడి వరకూ మైకమ్మ అనుకున్నట్టే జరిగింది. అనుకోనిది ఇంకొకటి జరిగింది. ప్రయాణికుల్లో ఆడవాళ్ళు, అందులోనూ పెద్దవాళ్ళు, బస్సెక్కే ముందు వెళ్ళాలన్నా లేవడానికి మొహమాటపడి గంటలకొద్దీ బిగదీసుకుని కూర్చునేవాళ్ళు. మైకులో ప్రకటన వినగానే ఒకావిడ లేచింది. "పదండే, ఆవిడే వెళ్తుంటే మనకేంటి," అని పక్కావిడను లేపింది. కొద్దిరోజుల్లో అదొక అలవాటైంది. మైకమ్మ లేస్తే బెంచీలు లేచేవి. ఆవరణ అవతల వరస పెరిగింది. వరసలో నిలబడలేనివాళ్ళు, ప్రకటన చెవులారా విన్నవాళ్ళు, నేరుగా మేనేజరు గదికే రావడం మొదలుపెట్టారు.

"నాయనా, దొడ్డి ఇక్కడేనంట గదా?"

సారు ముందు ఒక కాంట్రాక్టరు కూర్చుని ఉన్నాడు. ముసలావిడ ఆయన్ను దాటుకుని, సంచీ సారు బల్ల మీద పెట్టి, "కాస్త చూస్తుండు" అని లోపలికి వెళ్ళి గడియ వేసుకుంది. ఆమె వెనకే ఒక గర్భిణి, ఆ వెనక చంటిపిల్లనెత్తుకున్న ఇంకొకతె. తలుపుకు తాళం వేస్తే గుమ్మం ముందు నిలబడేవారు. ఎందుకు వేశావని పెద్దగొంతుతో అడిగేవారు. సారుకు తన అవసరానికే వంతు రావడం లేదు. నల్లబోర్డు మీద మంచిమాటలు రాయించడం ఎప్పుడు మానేశాడో ఎవరూ గమనించలేదు.

ఒక సోమవారం తాపీమేస్త్రీ వచ్చాడు. సారు గదివైపు తలుపు ఊడదీసి ఇటుక పేర్చాడు, పాత చోట గోడ పగలగొట్టి తలుపు నిలబెట్టాడు. మైకమ్మ తీరిక దొరికినప్పుడల్లా వెళ్ళి మేస్త్రీ వెనక నిలబడింది. "అక్కడ సందుంది, సిమెంటు పెట్టు," అని వేలితో చూపించింది. సారు వచ్చి పక్కన నిలబడ్డాడు.

"ఇప్పటికైనా మనసు శాంతించిందా అమ్మా?"

"లేదు సార్," అంది మైకమ్మ.

ఇలాంటి కథల్లో ఇక్కడ ఇద్దరూ కళ్ళు తుడుచుకోవాలని ఆశించేవాళ్ళుంటారు. ఆయన మారిపోవాలి, ఆమె మన్నించాలి. ఆయనేమీ మారలేదు. ఆవరణ దాటుతూ తనకు జరిగిన అన్యాయం గురించి కనిపించినవాళ్ళకల్లా చెప్పుకున్నాడు. ఆమె మన్నించనూ లేదు. ముందు ఆయనకు జ్వరం రావాలి, నడుం పట్టుకుని వణకాలి, మన్నించే సంగతి అప్పుడు చూద్దాం అంది మొగుడితో. మొగుడు ఆ రోజు కథలేమీ చెప్పలేదు. లేచి ఆమె గ్లాసు నింపి తెచ్చాడు.

మూత్రపరీక్షలో పురుగుల జాడ లేదు, మళ్ళీ చేయిస్తే మళ్ళీ లేదు. గొంతు ఇంకా నున్నబడిందని డ్రైవర్లే అన్నారు. ప్రకటనలోంచి ఆవరణ మాటా మేనేజరు గారి మాటా తీసేసింది, ఎందుకు వెళుతోందో మాత్రం అలాగే ఉంచింది. ఆడ ప్రయాణికులు దాని కోసం ఎదురుచూస్తున్నారని తెలుసు.

ఇంతలో సారుకు ప్రమోషన్ వచ్చింది, పెద్దాఫీసుకు. లోకంలో గోడలు పగలగొట్టేవాళ్ళకు జరిగేది సాధారణంగా ఇదే. వీడ్కోలు సభ వెయిటింగ్ హాల్లో పెట్టారు. గోడకు ఆనించి వరసగా కుర్చీలు, వాటి ముందు పొడవాటి బల్ల, బల్ల మీద గుడ్డ, పూలగుత్తులు. సారు నట్టనడుమ. బయటికి రావాలంటే అటో ఇటో సగం వరస లేవాలి. టీ ఇచ్చారు. నిమ్మరసం ఇచ్చారు. ఒక్కొక్కరే లేచి పొగిడారు. సారు తాగాడు, విన్నాడు, మళ్ళీ తాగాడు. చివర్లో, "గొంతున్న మనిషి, నాలుగు మంచి మాటలు చెప్పాలి," అని మైకమ్మను పిలిచారు.

ఆమె సీసాతో సహా వెళ్ళి మైకు ముందు నిలబడింది. మొదలుపెట్టబోతూ సారు వైపు చూసింది. కుర్చీ అంచుకు జరిగి ఉన్నాడు. బల్లగుడ్డ కింద ఒక మోకాలు మీద ఇంకో మోకాలు వేశాడు, వెంటనే మార్చాడు. బూటులో వేళ్ళు బిగిస్తున్నాడు. ఎవరూ ఏమీ అనకుండానే చిరునవ్వు నవ్వాడు. ఆ లక్షణాలు ఆ హాల్లో ఆమెకంటే బాగా చదవగలిగినవాళ్ళు లేరు.

మైకమ్మ ఒక గుక్క తాగి, పొగడటం మొదలుపెట్టింది.

సారు మెత్తదనం గురించి చెప్పింది. సారు అందరినీ 'మీరు' అనడం గురించి చెప్పింది. తర్వాత నల్లబోర్డు మీద సారు రాయించిన మంచిమాటలన్నీ ఈ సందర్భంగా గుర్తు చేసుకుందామంది. పొద్దుటి బస్సుల నుంచి చివరి బస్సు దాకా అన్ని ఊళ్ళూ వరసగా కంఠతా పట్టిన మనిషికి మంచిమాటలెంత? ఒక్కొక్కటీ అలవాటు ప్రకారం రెండేసిసార్లు చదివింది, ఆగాల్సిన చోట బాగా ఆగుతూ. 'సహనమే... సంపద.' సారు నుదుటి మీద చెమట. పెద్దాఫీసు అధికారి తలూపుతూ వింటున్నాడు, పొగడ్త మధ్యలో లేచి పోవడం ఎలా? ముందు వరసలో వదిన ముఖానికి టికెట్ల కట్ట అడ్డం పెట్టుకుంది. భుజాలు కదులుతున్నాయి.

ఇంకా చాలా చెప్పగలిగేది. చెప్పేదే. కానీ మాట్లాడుతూ మధ్యమధ్య గుక్కలు తాగుతూనే ఉంది కదా, ఆమెకే అవసరమైంది. ఒక్క క్షణం ఆలోచించింది. ఎదురుగా ఇన్నాళ్ళ పగ, బల్ల వెనక ఇరుక్కుని మెలికలు తిరుగుతోంది. ఇంకాస్త ఓర్చుకుంటే, ఇంకాస్త తిప్పొచ్చు.

ఓర్చుకోలేదు. వాడి కోసం ఒకసారి బిగబట్టింది చాలు. "సెలవు," అని మైకు పక్కవాళ్ళ చేతిలో పెట్టి, చప్పట్ల మధ్య హాలు దాటి వెళ్ళింది.

చప్పట్లకు వరస మొత్తం లేచి నిలబడటంతో సారుకూ దారి దొరికింది. పూలగుత్తి చేత్తోనే గబగబా బయటికొచ్చి, ఆవరణ దాటే ఓపిక లేక, పాత అలవాటున ప్రకటనల గది పక్కకే వచ్చాడు. తలుపు వేసి ఉంది. తట్టాడు.

"ఎవరమ్మా లోపల?"

"నేనే సార్."

"కొంచెం... తొందరగా రండమ్మా."

మొన్న పరీక్షకు వెళ్ళినప్పుడు డాక్టరమ్మ ఇంకో మాట చెప్పింది. తొందరపడి సగంలో లేచి రాకూడదట, లోపల మిగిలిపోయిన దాంట్లోనే పురుగులు చేరతాయట. పూర్తిగా అయ్యిందనిపించాక కూడా కాస్త ఆగి మళ్ళీ చూడాలట. మైకమ్మ కాస్త ఆగింది. బయట బూట్లు తలుపు ముందు అటూ ఇటూ తొక్కాయి. గోడకు ఏదో ఒరుసుకుంది, పూలగుత్తి కావచ్చు. ఆ తర్వాత బూట్లు ఆవరణ వైపు పరుగెత్తిన చప్పుడు వినిపించింది, మధ్యలో ఒక బస్సు గట్టిగా హారన్ కొట్టింది.

ఆ చప్పుడు పూర్తిగా వినపడకుండా పోయాక కూడా, ఆమె ఇంకాసేపు కూర్చుంది.